పోలీసుల ముందు ఒప్పుకున్నా కోర్టులో చెల్లదు, ఎందుకు? 1855 నాటి మద్రాసు కథ

 

మీ ఫోన్‌లో వారానికి ఒకసారైనా కనిపించే హెడ్‌లైన్ ఒకటుంది. "పోలీసుల విచారణలో నేరం ఒప్పుకున్న నిందితుడు." కింద ఒక ఫోటో ఉంటుంది. వెనక పోలీసులు నిలబడి ఉంటారు, ముందు ముఖానికి గుడ్డ కట్టిన ఒకడు తలవంచుకుని ఉంటాడు. మనం ఏమనుకుంటాం? కేసు అయిపోయింది, ఒప్పుకున్నాడు కదా, ఇంకా కోర్టులో ఏళ్ల తరబడి ఏం చేస్తారు అనుకుంటాం. కామెంట్ సెక్షన్‌లో అప్పటికే తీర్పు వచ్చేసి ఉంటుంది.

కానీ మన దేశ చట్టం ఏం చెప్తుందంటే, పోలీసు అధికారి ముందు ఒప్పుకున్న నేరాన్ని ఆ మనిషికి వ్యతిరేకంగా రుజువు చేయడానికి వీల్లేదు. జడ్జి దాన్ని సాక్ష్యంగా తీసుకోకూడదు. ఇది ఏదో ఒక జడ్జి దయతలచి ఇచ్చిన తీర్పు కాదు, చట్టంలో సూటిగా రాసిన మాట. ఇప్పుడు అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియమ్‌లో అది 23వ సెక్షన్. అంతకు ముందు 1872 నాటి సాక్ష్యాధారాల చట్టంలో 25వ సెక్షన్.

మొదటిసారి చదివినప్పుడు నాకు వింతగా అనిపించింది. ప్రభుత్వమే పోలీసుల్ని పెట్టుకుంది, జీతం ఇస్తోంది, తుపాకీ ఇచ్చింది. మళ్లీ అదే ప్రభుత్వం "నీ ముందు ఎవరైనా ఒప్పుకుంటే నేను నమ్మను" అని చట్టంలో రాసుకుంది. సాఫ్ట్‌వేర్ రాసేవాళ్లకి ఒక అలవాటు ఉంటుంది. కోడ్‌లో ఏదైనా విచిత్రమైన లైన్ కనిపిస్తే వెంటనే తీసేయం. ఎవరు రాశారు, ఎప్పుడు రాశారు, ఏ సమస్య వచ్చి రాశారు అని పాత హిస్టరీ తవ్వుతాం. ఈ సెక్షన్‌కి కూడా అదే పని చేద్దాం. తవ్వుకుంటూ పోతే మనం మద్రాసుకి, అక్కడి నుంచి మన తెలుగు జిల్లాలకే వస్తాం.

ముందు మూడు పుస్తకాల సంగతి

క్రిమినల్ లా అంటే భయపడక్కర్లేదు. ముఖ్యంగా మూడు చట్టాలు గుర్తుంచుకుంటే చాలు. ఏది నేరం, దానికి శిక్ష ఎంత అని చెప్పేది ఒకటి. నేరం జరిగితే పోలీసులు, కోర్టు ఏ వరుసలో ఏం చేయాలో చెప్పేది రెండోది. కోర్టులో దేన్ని సాక్ష్యంగా తీసుకోవాలి, దేన్ని తీసుకోకూడదు అని చెప్పేది మూడోది.

మొదటిది మొన్నటిదాకా ఇండియన్ పీనల్ కోడ్, ఐపీసీ. 1860లో చేశారు, 1862 జనవరి 1 నుంచి అమలైంది. రెండోది సీఆర్‌పీసీ. మొదటి రూపం 1861లో వచ్చింది, మనం చూసినది 1973 నాటిది. మూడోది 1872 నాటి ఎవిడెన్స్ యాక్ట్. 2024 జులై 1 నుంచి వీటి స్థానంలో భారతీయ న్యాయ సంహిత, భారతీయ నాగరిక్ సురక్షా సంహిత, భారతీయ సాక్ష్య అధినియమ్ వచ్చాయి. నంబర్లు మారాయి. హత్యకి 302 పోయి 103 వచ్చింది. సినిమా డైలాగుల్లో ఉన్న 420 ఇప్పుడు 318. కానీ లోపలి ఎముకల గూడు చాలావరకు పాతదే. మనం మాట్లాడుకుంటున్న నియమం కూడా నంబర్ మార్చుకుని అలాగే కొత్త చట్టంలోకి వచ్చింది.

తహసీల్దారే పోలీసు

ఇప్పుడు 1850ల మద్రాసు ప్రెసిడెన్సీకి వెళ్దాం. ఈస్టిండియా కంపెనీ పాలన. విశాఖపట్నం, రాజమండ్రి, మచిలీపట్నం, గుంటూరు, నెల్లూరు, కడప, బళ్లారి, ఇవన్నీ మద్రాసు కిందే. తెలంగాణ అప్పుడు నిజాం రాజ్యంలో ఉంది, కాబట్టి ఈ కథ నేరుగా దానిది కాదు.

ఈ ప్రాంతంలో చాలా చోట్ల రైత్వారీ పద్ధతి. అంటే మధ్యలో జమీందారు లేకుండా రైతే ప్రభుత్వానికి శిస్తు కట్టాలి. కొన్ని చోట్ల జమీందారీలు ఉన్నాయి, అది వేరు. శిస్తు భారం ఎక్కువ. వర్షం పడకపోయినా కట్టాలి. వసూలు చేసేది ఎవరు? తహసీల్దారు, ఆయన కింద బంట్రోతులు, గ్రామంలో మునసబు, కరణం.

అసలు చిక్కు ఎక్కడుందంటే, 1816లో మద్రాసులో కొన్ని నిబంధనలు తెచ్చారు. థామస్ మన్రో పేరు విన్నారు కదా, ఆయన ఆలోచనల ప్రకారం వచ్చిన మార్పులివి. వాటితో పోలీసు పని కలెక్టర్ కిందకి, తహసీల్దార్ చేతికి వచ్చింది. అంటే శిస్తు వసూలు చేసే మనిషే దొంగను పట్టుకునే మనిషి. పైన కలెక్టరే మెజిస్ట్రేట్. రైతుని తహసీల్దారు మనుషులు కొట్టారనుకోండి, ఫిర్యాదు ఎవరికి చేయాలి? ఆ తహసీల్దారుకే, లేదా ఆయన పై అధికారికి. ఆ పై అధికారికి కావాల్సింది శిస్తు లెక్క సరిపోవడం. ఇక ఆ ఫిర్యాదు ఎక్కడికి పోతుందో మీరే ఊహించుకోవచ్చు.

గాజుల లక్ష్మీనరసు శెట్టి

ఇక్కడ మన తెలుగువాడు ఒకాయన వస్తాడు. చాలామందికి పేరు కూడా తెలియని మనిషి. గాజుల లక్ష్మీనరసు శెట్టి. మద్రాసులో తెలుగు వ్యాపారి, 1806లో పుట్టాడు, 1868లో చనిపోయాడు. వ్యాపారంలో బాగా సంపాదించాడు. ఆ డబ్బుతో 1844లో క్రెసెంట్ అని ఒక ఇంగ్లీషు పత్రిక పెట్టాడు. 1852లో మద్రాస్ నేటివ్ అసోసియేషన్ స్థాపించాడు. కాంగ్రెస్ పార్టీ పుట్టడానికి ఇంకా 33 ఏళ్లు ఉన్న కాలం అది.

ఆ సంఘం లండన్ పార్లమెంటుకి అర్జీలు పంపింది. శిస్తు భారం గురించి, జనం బాధల గురించి. 1853లో డాన్బీ సీమోర్ అనే బ్రిటిష్ ఎంపీ మద్రాసు వచ్చాడు. లక్ష్మీనరసు శెట్టి బృందం ఆయనకి పరిస్థితి వివరించింది. శిస్తు కట్టలేని రైతుల్ని ఎలా హింసిస్తున్నారో ఆయనకి తెలిసింది. 1854 జులైలో ఈ విషయం లండన్‌లో పార్లమెంటులో చర్చకు వచ్చింది. మన పాలనలో ఇలాంటివి జరుగుతాయా అని నమ్మనివాళ్లు అక్కడ చాలామంది. నమ్మకపోయినా మాట బయటపడింది కాబట్టి విచారణ చేయక తప్పలేదు.

1854 సెప్టెంబరులో మద్రాసులో ఒక కమిషన్ వేశారు. ముగ్గురు సభ్యులు: ఇ. ఎఫ్. ఇలియట్, హెచ్. స్టోక్స్, జె. బి. నార్టన్. ముగ్గురూ తెల్లవాళ్లే. నార్టన్ లాయరు. దీన్నే మద్రాస్ టార్చర్ కమిషన్ అంటారు. ప్రభుత్వం నేరుగా హింస పేరుతో వేసిన విచారణ ఇది.

రెండు వేల ఫిర్యాదులు

కమిషన్ ఒక ప్రకటన ఇచ్చింది. గడిచిన కొన్నేళ్లలో హింస అనుభవించినవాళ్లు వచ్చి చెప్పండి, లేదా రాసి పంపండి అని. కొన్ని నెలల్లోనే రెండు వేలకి కాస్త తక్కువ ఫిర్యాదులు వచ్చాయి. ఉత్తరాలు ఎక్కువ, స్వయంగా వచ్చినవాళ్లు కూడా వందల్లో ఉన్నారు.

అది 1854 అని గుర్తుపెట్టుకోండి. మద్రాసు ప్రెసిడెన్సీలో ఇంకా రైలు బండి లేదు. మన కోస్తా జిల్లాల నుంచి మద్రాసు వెళ్లాలంటే నడక, లేదా ఎడ్లబండి. రోజుల తరబడి ప్రయాణం. వెళ్లి చెప్పేది ఎవరి మీద? తిరిగి ఊరికి వస్తే మళ్లీ అదే తహసీల్దారు. చదువురానివాడికి అర్జీ రాయించుకోవడానికి డబ్బు కావాలి. అయినా అంతమంది కదిలారంటే, కదలలేక ఊళ్లోనే ఉండిపోయినవాళ్లు ఎంతమందో ఆలోచించండి.

1855 ఏప్రిల్‌లో నివేదిక వచ్చింది. హింస జరుగుతోంది అని తేల్చింది. అది కూడా రెండు పనులకి: ఒకటి శిస్తు వసూలుకి, రెండోది నేరం ఒప్పించడానికి. పద్ధతుల పేర్లు కూడా రాశారు. కిట్టీ అంటే వేళ్లని రెండు కర్రల మధ్య పెట్టి నొక్కడం. అనందాళ్ అంటే మనిషిని వంచి, తల పైకి ఎత్తకుండా కట్టి, గంటల కొద్దీ అలాగే ఉంచడం. ఎండలో నిలబెట్టడం, కళ్లలో కారం పెట్టడం లాంటివి ఇంకా ఉన్నాయి. ఈ పద్ధతుల్ని తెలుగులో ఏమంటారో కూడా ఆ నివేదికలో రాశారు. తెలుగు ఊళ్లలో వాటికి వేరే పేర్లు ఉన్నాయంటే అవి ఎంత మామూలు సంగతులో అర్థమవుతుంది.

ఇంకో విషయం కూడా చెప్పాలి. ఈ నివేదిక తెల్ల అధికారుల్ని దాదాపుగా వదిలేసింది. తప్పంతా కింది స్థాయి దేశీ ఉద్యోగులది, దొరలకి ఇది ఇష్టం లేదు అన్నట్టు రాసింది. కానీ ఇంత శిస్తు ఇన్ని రోజుల్లో రావాల్సిందే అని పైనుంచి ఒత్తిడి పెట్టింది ఎవరు? వచ్చిన డబ్బు తీసుకున్నది ఎవరు? ఈ ప్రశ్న అప్పట్లోనే కొందరు అడిగారు. వాళ్లలో ఒకరు కార్ల్ మార్క్స్. 1857 సెప్టెంబరులో న్యూయార్క్ డైలీ ట్రిబ్యూన్ పత్రికలో ఈ మద్రాసు నివేదిక మీద వ్యాసం రాశాడు. మన జిల్లాల రైతుల గోడు మద్రాసు, లండన్ మీదుగా న్యూయార్క్ పేపర్‌దాకా వెళ్లిందన్నమాట.

చట్టంలో వచ్చిన మార్పులు

నివేదిక తర్వాత ఏమైందో వరుసగా చూద్దాం.

1859లో మద్రాసు పోలీసు చట్టం వచ్చింది. పోలీసుల్ని రెవెన్యూ నుంచి విడదీసి వేరే శాఖ చేశారు. 1861లో పోలీసు చట్టం వచ్చింది.

1860లో ఐపీసీ. అందులో 330వ సెక్షన్ చూడండి. నేరం ఒప్పించడానికి, సమాచారం రాబట్టడానికి, లేదా ఆస్తి రాబట్టడానికి మనిషిని గాయపరిస్తే 7 ఏళ్లదాకా జైలు. తీవ్రంగా గాయపరిస్తే 331 కింద 10 ఏళ్లదాకా. ఐపీసీలో సెక్షన్ కింద ఉదాహరణలు ఇస్తారు. 330 కింద ఇచ్చినవి ఎవరి గురించో తెలుసా? ఒప్పుకోమని హింసించే పోలీసు అధికారి. దొంగసొత్తు ఎక్కడుందో చెప్పమని హింసించే పోలీసు అధికారి. శిస్తు బకాయి కట్టమని హింసించే రెవెన్యూ అధికారి. కౌలు కోసం రైతుని హింసించే జమీందారు. మద్రాసుకి నడిచి వెళ్లినవాళ్లు చెప్పింది సరిగ్గా ఇవే. ఈ సెక్షన్ ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 120.

1861లో మొదటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్. అందులో ఇంకో అడుగు వేశారు. పోలీసు ముందు ఒప్పుకున్న మాటని సాక్ష్యంగా వాడకూడదు అని పెట్టారు. 1872లో జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ రాసిన ఎవిడెన్స్ యాక్ట్‌లోకి అదే నియమం 25, 26 సెక్షన్లుగా వచ్చింది. అక్కడినుంచి 2024 దాకా కదలలేదు.

హింసకి 7 ఏళ్ల శిక్ష ఉంది కదా, మళ్లీ ఈ రెండో నియమం ఎందుకు? ఎందుకంటే గదిలో జరిగినదానికి సాక్షులు ఉండరు. కొట్టినవాళ్లు, కొట్టించుకున్నవాడు తప్ప. శిక్ష పడాలంటే రుజువు కావాలి, రుజువు దొరకదు. అందుకని శిక్షతో పాటు లాభాన్ని కూడా తీసేశారు. కొట్టి ఒప్పించినా ఆ కాగితం కోర్టులో పనికిరాదు అంటే, కొట్టడానికి ఒక కారణం తగ్గుతుంది కదా.

స్టీఫెన్ తర్వాత రాసిన పుస్తకంలో ఒక సంగతి చెప్తాడు. మన దేశంలో పోలీసులు ఎందుకు హింసిస్తారని ఒక అనుభవజ్ఞుడైన అధికారిని అడిగితే, అదంతా బద్ధకం అన్నాడట. సాక్ష్యం కోసం ఎండలో తిరగడం కంటే నీడలో కూర్చుని ఒకడి కళ్లలో కారం కొట్టడం సులభం అని ఆ జవాబు సారాంశం. అంటే ఈ నియమం నిందితుడి మీద జాలితో మాత్రమే పుట్టింది కాదు. పోలీసుని నీడలోంచి లేపి ఎండలోకి పంపడానికి కూడా పుట్టింది.

వెనక తలుపు: గుంటూరు కేసు

ఇంతటితో అయిపోతే బాగుండేది. కానీ చట్టంలో ఒక మినహాయింపు ఉంది. పాత 27వ సెక్షన్. ఇప్పుడు 23వ సెక్షన్‌లోనే చివర చేర్చారు. కస్టడీలో ఉన్న నిందితుడు చెప్పిన మాట వల్ల ఏదైనా కొత్త విషయం బయటపడితే, దానికి సూటిగా సంబంధించిన మాట వరకు కోర్టు తీసుకోవచ్చు.

ఆ "వరకు" అంటే ఎంత వరకు? దేశం మొత్తం ఇప్పటికీ వాడే జవాబు మన గుంటూరు జిల్లా కేసులోంచే వచ్చింది. పులుకూరి కోటయ్య కేసు. ఊళ్లో రెండు వర్గాల గొడవ, కాపు కాసి దాడి, ఇద్దరి చావు. గుంటూరు సెషన్స్ కోర్టు శిక్షలు వేసింది, మద్రాసు హైకోర్టు సమర్థించింది, చివరికి లండన్‌లోని ప్రీవీ కౌన్సిల్‌కి వెళ్లింది. ఆ తీర్పు 1947 నాటి లా రిపోర్టుల్లో ఉంది. లాయర్లు దేశంలో ఏ మూలైనా దాన్ని చూపిస్తారు.

ఆ కేసు చెప్పిన సూత్రం ఇలా ఉంటుంది. ఒకడు పోలీసులతో "నేను ఫలానావాడిని పొడిచిన కత్తి మా ఇంటి చూరులో దాచాను, వస్తే చూపిస్తాను" అన్నాడనుకోండి. వెళ్లి చూస్తే కత్తి దొరికింది. కోర్టు ఏం తీసుకుంటుంది? "కత్తి చూరులో దాచాను, చూపిస్తాను" అన్నంత మాత్రమే. "నేను పొడిచిన" అన్న మాట తీసుకోదు. ఎందుకంటే కత్తి దొరకడం వల్ల రుజువైంది ఒక్కటే: కత్తి అక్కడ ఉందని వాడికి తెలుసు. దానితో పొడిచింది వాడే అన్నది ఇంకా రుజువు కాలేదు. అది పోలీసులు వేరే సాక్ష్యంతో చూపించాలి.

మన తెలుగు రాష్ట్రాల్లో కేసు ఫైల్ తీస్తే నేరాంగీకార పంచనామా, మధ్యవర్తుల నివేదిక అని కాగితాలు కనిపిస్తాయి. వీఆర్వో లాంటివాళ్లని మధ్యవర్తులుగా పిలిచి వాళ్ల ముందు రాసినట్టు ఉంటుంది. అందులో నిందితుడు చిన్నప్పటి నుంచి మొదలుపెట్టి మొత్తం కథ చెప్పినట్టు రాస్తారు. పేపర్‌కి వెళ్లేది ఆ కథే. కోర్టుకి మిగిలేది మాత్రం చివరి రెండు లైన్లు, అది కూడా నిజంగా ఏదైనా దొరికితేనే.

రాజ్యాంగం ఏం కలిపింది

స్వాతంత్ర్యం వచ్చాక రాజ్యాంగంలో ఆర్టికల్ 20(3) పెట్టారు. నేరారోపణ ఉన్న మనిషిని తనకి వ్యతిరేకంగా తానే సాక్ష్యం చెప్పమని బలవంతం చేయకూడదు. ఆర్టికల్ 22లో, అరెస్టు చేస్తే కారణం చెప్పాలి, లాయర్‌ని కలవనివ్వాలి, ప్రయాణ సమయం పోను 24 గంటల్లో మెజిస్ట్రేట్ ముందు హాజరుపరచాలి అని ఉంది.

1978లో నందినీ సత్పతి కేసు. ఆవిడ అంతకుముందు ఒడిశా ముఖ్యమంత్రి. పోలీసుల ప్రశ్నలకి జవాబివ్వనన్నారు. జస్టిస్ కృష్ణయ్యర్ రాసిన తీర్పులో, మౌనంగా ఉండే హక్కు కోర్టు బోనులోనే కాదు, పోలీసు విచారణలో కూడా ఉంటుంది అని చెప్పారు. డి.కె. బసు కేసులో అరెస్టు ఎలా చేయాలో సుప్రీంకోర్టు నియమాలు పెట్టింది: అరెస్టు మెమో రాయాలి, దాని మీద సాక్షి సంతకం ఉండాలి, బంధువులకి కబురు పెట్టాలి, వైద్య పరీక్ష చేయించాలి. 2010లో సెల్వి కేసులో నార్కో, లై డిటెక్టర్ లాంటివి మనిషి ఒప్పుకోకుండా చేయకూడదు అంది.

అన్నిసార్లూ దారి ఇటే సాగలేదు. టాడా, పోటా లాంటి ఉగ్రవాద చట్టాల్లో ఎస్పీ స్థాయి అధికారి ముందు ఒప్పుకున్నది సాక్ష్యంగా చెల్లేలా చేశారు. 1994లో కర్తార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు టాడాలోని ఆ ఏర్పాటుని సమర్థించింది కూడా. తర్వాత ఆ రెండు చట్టాలు పోయాయి. హింసకి వ్యతిరేకంగా ఐక్యరాజ్యసమితి ఒప్పందం మీద మన దేశం 1997లో సంతకం పెట్టింది, కానీ ఇప్పటిదాకా దాన్ని ఆమోదించలేదు.

మరి దొంగలు తప్పించుకోరా?

మీరు అడగబోయే ప్రశ్న నాకు తెలుసు. ఇన్ని రక్షణలు పెడితే నేరస్థులు తప్పించుకోరా? న్యాయమైన ప్రశ్నే. కూతురిని పోగొట్టుకున్న తల్లికి ఆర్టికల్ 20(3) గురించి చెప్తే ఏం ఓదార్పు?

ఒక కేసు చెప్తాను. 2007 డిసెంబరులో విజయవాడ దగ్గర ఒక హాస్టల్లో ఒక విద్యార్థిని హత్య జరిగింది. రాష్ట్రమంతా కదిలింది. పోలీసుల మీద విపరీతమైన ఒత్తిడి. 2008లో ఒక పేద యువకుడిని పట్టుకుని, నేరం ఒప్పుకున్నాడు అని ప్రకటించారు. 2010లో కింది కోర్టు శిక్ష వేసింది. 2017 మార్చిలో హైకోర్టు అతను నిర్దోషి అని విడుదల చేసింది. అప్పటికి ఎనిమిదేళ్లకు పైగా జైల్లో గడిచిపోయాయి. కేసు మళ్లీ మొదటికి వచ్చింది, దర్యాప్తు సీబీఐకి వెళ్లింది.

ఇందులో ఆ యువకుడి బతుకు పోయింది, నిజమే. కానీ ఆ అమ్మాయి తల్లిదండ్రుల వైపు నుంచి కూడా చూడండి. "ఒప్పుకున్నాడు" అని ఒక మనిషిని చూపించిన రోజే అసలు మనిషి కోసం వెతకడం ఆగిపోయింది. పదేళ్ల తర్వాత మళ్లీ వెతుకుదామంటే ఆనవాళ్లు ఏం మిగులుతాయి? అందుకే ఈ నియమం నిందితుడిని మాత్రమే కాపాడదు. న్యాయం కోసం ఎదురుచూసే కుటుంబాన్ని కూడా కాపాడుతుంది. వేలిముద్ర, సీసీ కెమెరా, కాల్ డేటా, డీఎన్ఏ, ఇవన్నీ కొట్టడం వల్ల రావు, తిరిగి వెతికితేనే వస్తాయి.

మనకి పనికొచ్చే నాలుగు మాటలు

నేను లాయర్‌ని కాదు. మీకు నిజంగా కేసు ఉంటే లాయర్‌ని కలవండి. కానీ మామూలు మనిషిగా ఇవి తెలిసి ఉంటే మంచిది.

మొదటిది. పోలీసులు సాక్షిగా లేదా మరోలా మిమ్మల్ని ప్రశ్నించి దర్యాప్తులో వాంగ్మూలం రాసుకుంటే, దాని మీద మీ సంతకం తీసుకోకూడదు. పాత చట్టంలో 162, ఇప్పుడు 181. ఖాళీ కాగితం మీద సంతకం అయితే అసలే వద్దు.

రెండోది. 7 ఏళ్ల వరకు శిక్ష ఉండే చాలా కేసుల్లో ప్రతిసారీ అరెస్టు చేయక్కర్లేదు, హాజరు కమ్మని నోటీసు ఇవ్వొచ్చు. పాత 41ఏ, ఇప్పుడు 35(3). నోటీసు వస్తే మాత్రం తప్పించుకోకుండా వెళ్లండి. వెళ్లకపోతే అదే అరెస్టుకి కారణం అవుతుంది.

మూడోది. పోలీసు కస్టడీలో ఉండగా మీడియా మైకు ముందు ఒప్పుకున్నా, మెజిస్ట్రేట్ సమక్షంలో కాకపోతే అది కూడా చెల్లదు. చెల్లేది మెజిస్ట్రేట్ ముందు, తన ఇష్టంతో చెప్పింది. దానికి ముందు "నువ్వు చెప్పాల్సిన పనిలేదు, చెప్తే నీకు వ్యతిరేకంగా వాడతారు" అని మెజిస్ట్రేట్ చెప్పాలి. చెప్పనంటే తిరిగి పోలీసు కస్టడీకి పంపకూడదు. కానీ జాగ్రత్త, స్నేహితుడికి చెప్పినది, వాట్సాప్‌లో రాసినది వేరే సంగతి. అవి కోర్టులో సాక్ష్యం కావచ్చు.

నాలుగోది. లాయర్‌కి డబ్బు లేదంటే హక్కు లేనట్టు కాదు. ప్రతి జిల్లాలో న్యాయ సేవాధికార సంస్థ ఉంది. ఫోన్ నంబర్ 15100. మహిళలకి, ఎస్సీ, ఎస్టీలకి, కస్టడీలో ఉన్నవాళ్లకి ఆదాయంతో పనిలేకుండా ఉచిత సాయం దొరుకుతుంది.

మన సినిమాల్లో హీరో పోలీసు లాకప్‌లో కొడితే థియేటర్‌లో విజిల్స్ పడతాయి. నేనూ వేశాను. అక్కడ కెమెరా మనకి ముందే చూపించేసింది, వాడే విలన్ అని. స్టేషన్‌లో ఆ సౌకర్యం ఎవరికీ లేదు. లోపల ఉన్నవాడు దొంగో కాదో ఇంకా తెలియదు, తెలుసుకోవడానికే కదా వాడిని తెచ్చింది.

కాబట్టి రేపు "నేరం ఒప్పుకున్న నిందితుడు" అన్న వార్త వస్తే, షేర్ కొట్టే ముందు ఒక్క ప్రశ్న వేసుకోండి: ఒప్పుకున్నాడు సరే, ఎవరి ముందు? మెజిస్ట్రేట్ ముందా, పోలీసుల ముందా? ఇంకే సాక్ష్యం దొరికింది? ఆ ప్రశ్న అడిగే హక్కు మనకి ఊరికే రాలేదు. 170 ఏళ్ల క్రితం, పేర్లు కూడా మనకి తెలియని కొన్ని వందల మంది రైతులు, తిరిగి వచ్చాక ఏమవుతుందో తెలియకుండానే మద్రాసు దారి పట్టి వెళ్లి తమకు జరిగింది చెప్పారు.

వచ్చే ఎపిసోడ్‌లో ఎఫ్ఐఆర్ కథ చెప్పుకుందాం. స్టేషన్‌లో "మా పరిధి కాదు" అంటే ఏం చేయాలి, జీరో ఎఫ్ఐఆర్ అంటే ఏంటి, ఇవన్నీ. మీ ఇంట్లో పెద్దవాళ్లు పాత రోజుల్లో ఊరి మునసబు, తహసీల్దారు గురించి చెప్పిన కబుర్లు ఏమైనా ఉంటే కామెంట్స్‌లో రాయండి, అన్నీ చదువుతాను.